'లోకి' సిరీస్‌లో కాలాన్ని నేసే మగ్గం ఎందుకు పేలిపోయింది?

మార్వెల్ వాళ్ల సూపర్‌హీరో కథల్లో లోకి అని ఒక మాయదారి దేవుడు ఉన్నాడు, నార్స్ (పాత స్కాండినేవియా) పురాణాల నుంచి తెచ్చుకున్న పాత్ర. అతని పేరుతో వచ్చిన 'లోకి' సిరీస్ రెండో సీజన్ 2023 అక్టోబర్ 5న మొదలై నవంబర్ 9న అయిపోయింది. ఆరు ఎపిసోడ్లు, ఆరింటిలోనూ టెన్షన్ అంతా ఒక్క యంత్రం చుట్టూనే. దాని పేరు టెంపోరల్ లూమ్, అంటే కాలాన్ని నేసే మగ్గం. నాలుగో ఎపిసోడ్ చివర్లో అది పేలిపోతుంది, ఆరో ఎపిసోడ్‌లో లోకి కాలంలో వెనక్కి వెళ్లి తన చేతులతోనే దాన్ని ధ్వంసం చేస్తాడు. అసలెందుకు పేలింది అని అడిగితే చూసినవాళ్లలో చాలామంది చెప్పేది 'లోడ్ ఎక్కువైంది' అని. తప్పేం కాదు గానీ అది సగం జవాబే. ఆ యంత్రం నేత పని చేయనే చేయదు. చేస్తున్నట్టు కనిపిస్తుందంతే. దాన్ని బాగుచేయడానికి కిందామీదా పడ్డవాళ్లు దాని కెపాసిటీ గురించి ఆలోచించారు తప్ప, అది లోపల ఏం చేస్తోందని ఒక్కసారి కూడా అడగలేదు. (సిరీస్ ఇంకా చూడనివాళ్లు ఇక్కడే ఆగిపోవడం మంచిది, కింద కథంతా బయటపడిపోతుంది.)

ముందు కాస్త నేపథ్యం. టైమ్ వేరియెన్స్ అథారిటీ, పొట్టిగా టీవీఏ, అని కాలానికి బయట ఒక ఆఫీసు. ఫైళ్లు, స్టాంపులు, గోధుమరంగు గోడలు, పాతకాలపు టీవీల్లాంటి కంప్యూటర్లు, అచ్చం గవర్నమెంటు ఆఫీసే. వీళ్ల పని ఒకే ఒక్క కాలధారను కాపాడటం, దానికి వాళ్లు పెట్టుకున్న పేరు సేక్రెడ్ టైమ్‌లైన్. ఎక్కడైనా ఒక మనిషి రాసిపెట్టిన దారి తప్పితే అక్కడ కొత్త కొమ్మ మొలుస్తుంది, వీళ్లు వెళ్లి దాన్ని కత్తిరించి వస్తారు. 2021లో వచ్చిన మొదటి సీజన్ చివర్లో ఈ మొత్తం ఏర్పాటు వెనకున్న హీ హూ రిమెయిన్స్ అనే పెద్దమనిషిని సిల్వీ (వేరే కాలధార నుంచి వచ్చిన ఆడ లోకి) చంపేస్తుంది. కత్తిరించే నాథుడు లేక కొమ్మలు విచ్చలవిడిగా పెరగడం మొదలవుతుంది. రెండో సీజన్ సరిగ్గా అక్కడ అందుకుంటుంది.

లూమ్ మనకు మొదటిసారి కనిపించేది రెండో సీజన్ మొదటి ఎపిసోడ్‌లో. లోకి కాలంలో ముందుకీ వెనక్కీ తనకు తెలియకుండానే జారిపోతుంటాడు, దానికి మందేమిటో కనుక్కుందామని టీవీఏలో పనిచేసే మోబియస్ అతన్ని నేలమాళిగలోని రిపేర్ల విభాగానికి తీసుకెళ్తాడు. అక్కడ ఓబీ అనే ఒకే ఒక్క మెకానిక్ ఉంటాడు. పూర్తి పేరు ఔరోబోరోస్, తన తోకను తనే మింగే పాము అని అర్థం, ఈ పేరు ఊరికే పెట్టలేదని తర్వాత తెలుస్తుంది. ఓబీ చెప్పే ప్రకారం ముడికాలం లూమ్‌లోకి వెళ్తుంది, అక్కడ శుద్ధి అయి, మనం బతికే భౌతికమైన కాలధారగా బయటికొస్తుంది. ఇప్పుడు కొమ్మలు లెక్కకు మించి లోపలికి తోసుకొస్తున్నాయి, బయటికెళ్లే దారి మాత్రం పాతదే. మొదటి ఎపిసోడ్‌లోనే అది కరిగిపోయే స్థితికి వస్తుంది.

ఆ దృశ్యాన్ని కాస్త దగ్గరగా చూడాలి. మందపాటి అద్దం కిటికీ అవతల శూన్యంలో పెద్ద పెద్ద లోహపు వలయాలు, వాటి మధ్యలోంచి సాగిపోయే వెలుగు పోగులు. కంట్రోల్ రూమ్ నుంచి దాని వైపు ఒక సన్నటి వంతెన. వంతెన మీదికి వెళ్లాలంటే బరువైన సూటు తొడుక్కోవాలి, బ్లాస్ట్ డోర్లు తెరవాలి, అవతల ఉన్న టెంపోరల్ రేడియేషన్ ధాటికి సూటు కూడా నిమిషాల్లో చిరుగులు పడుతుంది. ఇక్కడ పోగులు ఎటు నుంచి ఎటు పోతున్నాయో గమనిస్తే విషయం సగం అర్థమైపోతుంది: ఒక వైపు నుంచి లెక్కలేనన్ని పోగులు లోపలికెళ్తాయి, రెండో వైపు నుంచి ఒకటే తాడు వస్తుంది.

దీన్ని మగ్గం అనొచ్చా? మగ్గం మీద పడుగు పోగులు, అంటే నిలువు పోగులు, వందలూ వేలూ ఉంటాయి, ఏ పోగుకు ఆ పోగు అచ్చు సందుల్లోంచి విడివిడిగా దూరి వస్తుంది, పక్కదానితో చిక్కుపడకుండా. దారం మోసే నాడె అటూ ఇటూ ఆడుతూ పేకను అడ్డంగా వేస్తుంటే బట్ట తయారవుతుంది. బట్ట అయ్యాక కూడా ప్రతి పోగూ తన చోట తను ఉంటుంది, కావాలంటే లాగి చూపించొచ్చు. నేతలో ఉన్న తెలివంతా ఇదే, పోగుల్ని కలుపుతుంది గానీ కరిగించదు. లూమ్ చేసేది ఇది కాదు. అన్నిటినీ మెలిపెట్టి ఒక్క దారంగా చేస్తోంది. అది వడకడం, ఇంకా చెప్పాలంటే తాడు పేనడం. పేనే పనిలో అందులో ఇమడని పోచ తెగి పక్కన పడాల్సిందే. ఆర్ట్ డిపార్ట్‌మెంట్ వాళ్లు ఇంత ఆలోచించి చేశారా, చూడ్డానికి బాగుందని చేశారా అన్నది పక్కన పెడితే, తెర మీద కనిపించేది మాత్రం చివరి ఎపిసోడ్‌లో బయటపడే రహస్యంతో అతికినట్టు సరిపోతుంది. దాని దగ్గరికి తర్వాత వద్దాం.

ముందు ఓబీ వేసిన రిపేరు ప్లాన్ సంగతి. దాని పేరు థ్రూపుట్ మల్టిప్లయర్. లూమ్ గొంతు ఇరుకుగా ఉంది కాబట్టి దానికి ఇంకో పరికరం తగిలించి, ఒకేసారి ఎక్కువ కాలం దాటేలా చేద్దామని. వినడానికి బ్రహ్మాండంగా ఉంటుంది, ఏ ఇంజినీరైనా మొదట ఇదే చెబుతాడు. లోపం లెక్కలో ఉంది. ప్రతి కొమ్మకూ మళ్లీ కొమ్మలు పుడతాయి, ఆ కొమ్మలకు ఇంకొన్ని. ఉదాహరణకు గంటకోసారి కొమ్మలు రెట్టింపవుతున్నాయనుకుందాం. లూమ్ కెపాసిటీని రెండింతలు చేస్తే మనకు దొరికే గడువు సరిగ్గా ఒక్క గంట. పదింతలు చేస్తే మూడు గంటల పైచిలుకు. అష్టకష్టాలు పడి వెయ్యింతలు చేశారనుకోండి, పది గంటలు, అంతే. మనం ఎన్నింతలు పెంచినా అది ఒక్కసారి పెంచడమే, అవతల పెరుగుదల మాత్రం ఆగదు.

ఇలా ఒక్క దశను వేగం చేసి మొత్తం పనిని గట్టెక్కించడం అసలు కుదరదా అంటే, నిజమైన మగ్గాల లోకంలో అద్భుతంగా కుదిరింది. పోచంపల్లి చీరలకు రంగులద్దే ముందు ఆసు పోయాలి, అంటే నూలును కొయ్య గూటాల చుట్టూ వేలసార్లు చెయ్యి తిప్పుతూ చుట్టాలి. ఆ పని ఎక్కువగా ఇంట్లో ఆడవాళ్లే చేసేవాళ్లు, భుజాలు పడిపోయేవి. తల్లి లక్ష్మి పడే బాధ చూడలేక చింతకింది మల్లేశం ఏళ్ల తరబడి కుస్తీ పట్టి 1999లో ఆసు యంత్రం తయారు చేశాడు, తల్లి పేరే పెట్టాడు, 2017లో పద్మశ్రీ కూడా వచ్చింది. అసలు సిసలు థ్రూపుట్ మల్టిప్లయర్ అంటే అదీ. అక్కడ ఎందుకు పనిచేసిందంటే మగ్గానికి రోజుకు కావలసిన నూలు ఇంత అని ఒక హద్దు ఉంది, ఆసు దశ ఆ హద్దును అందుకుంటే చాలు, ఇరుకు పోయినట్టే. పైగా మల్లేశానికి తను వేగం చేస్తున్న పని ఏమిటో, అది ఎందుకు చేస్తారో క్షుణ్ణంగా తెలుసు. ఓబీకి ఈ రెండూ లేవు. హద్దూ లేదు, యంత్రం అసలు ఉద్దేశమూ తెలియదు.

ఓబీకి తెలియదంటే చాలామంది ఒప్పుకోరు, ఎందుకంటే టీవీఏ గైడ్‌బుక్ రాసిందే అతను. ఇక్కడే పాము తోక సంగతి వస్తుంది. మూడో ఎపిసోడ్‌లో మిస్ మినిట్స్ (టీవీఏలో మాట్లాడే గడియారం బొమ్మ), అక్కడ జడ్జిగా చేసిన రావొన్నా రెన్‌స్లేయర్ కలిసి ఆ గైడ్‌బుక్‌ను 1868లో చికాగోలో ఒక పిల్లాడి (హీ హూ రిమెయిన్స్‌కే ఇంకో రూపం) కిటికీలోంచి లోపల పడేస్తారు. ఆ పిల్లాడు అది చదువుకుని విక్టర్ టైమ్లీ అనే ఇన్వెంటర్ అవుతాడు, 1893 చికాగో ప్రపంచ ప్రదర్శనలో లూమ్‌కు చిన్న నమూనా కట్టి జనానికి చూపిస్తాడు. (ఆ ప్రదర్శన నిజంగా జరిగిందే, కరెంటు దీపాల వెలుగు చూడటానికి జనం విరగబడ్డ ప్రదర్శన, అలాంటి చోట కాలయంత్రం అమ్మే మనిషిని పెట్టడం సిరీస్ రచయితలకు తట్టిన మంచి ఆలోచనల్లో ఒకటి.) నాలుగో ఎపిసోడ్‌లో ఇద్దరూ ఎదురుపడినప్పుడు తేలేదేమిటంటే, ఓబీ పుస్తకం రాసింది టైమ్లీ పని చూసి, టైమ్లీ పని నేర్చుకుంది ఓబీ పుస్తకం చదివి. మరి మొదట ఆలోచించింది ఎవరు? ఎవరూ కాదు. సీన్‌లో ఇది జోక్‌గా వెళ్లిపోతుంది గానీ ఇంజినీరింగ్ కళ్లతో చూస్తే కథలో ఇంతకంటే భయంకరమైన విషయం లేదు. చక్రంలా తిరుగుతున్న ఆ జ్ఞానంలో ఎక్కడా బయటి మనిషి వేలు పెట్టలేదు, ఇదెందుకిలా ఉంది అని అడిగే అవకాశమే లేదు. ఒకడి కాపీని ఇంకొకడు కాపీ కొట్టుకుంటూ పోతే తప్పు కూడా భద్రంగా తిరిగొస్తూనే ఉంటుంది.

నాలుగో ఎపిసోడ్‌లో మల్టిప్లయర్ పట్టుకుని వంతెన మీదికి వెళ్లింది టైమ్లీయే. రెండడుగులు వేశాడో లేదో రేడియేషన్ అతన్ని పోగులు పోగులుగా సాగదీసి మాయం చేస్తుంది. సిరీస్‌లో దీన్ని స్పాగెటిఫికేషన్ అంటారు. ఈ మాట కల్పితం కాదు, బ్లాక్ హోల్ దగ్గరికి వెళ్లినదేదైనా, దాని దగ్గరి కొసమీద గురుత్వాకర్షణ ఎక్కువగా, దూరపు కొసమీద తక్కువగా పడి, సేమియాలా సాగిపోవడాన్ని భౌతికశాస్త్రంలో అలాగే పిలుస్తారు. సిరీస్ ఆ మాటను గురుత్వాకర్షణ నుంచి తీసి కాలానికి అంటగట్టింది. సైన్స్‌గా నిలబడదు, బొమ్మగా మాత్రం బాగా నిలబడింది, ఎందుకంటే అక్కడ మనిషి కూడా చివరికి పోగులే అవుతున్నాడు.

లూమ్ పేలాక లోకికి ఒక్క వరం మిగులుతుంది. ఇన్నాళ్లూ జబ్బులా వేధించిన జారుడు అతని అదుపులోకి వస్తుంది, ఏ క్షణానికి కావాలంటే ఆ క్షణానికి వెనక్కి వెళ్లగలుగుతాడు. ఆరో ఎపిసోడ్ మొదటి సగమంతా ఇదే: వెనక్కి వెళ్లడం, ఇంకాస్త తొందరపెట్టడం, మళ్లీ ఫెయిలవడం. తనకు సబ్జెక్టు రాదని అర్థమయ్యాక శతాబ్దాల పాటు ఫిజిక్సు, ఇంజినీరింగు నేర్చుకుని మరీ వస్తాడు. చివరికి ఒకసారి అంతా సరిగ్గా కుదురుతుంది, టైమ్లీ క్షేమంగా వెళ్లి మల్టిప్లయర్ పెట్టి తిరిగొస్తాడు, వలయాలు విచ్చుకుంటాయి, గదిలో అందరూ సంబరపడతారు. కాసేపే. మళ్లీ అదే గొడవ. అంతులేని దానికి సరిపడా సైజు అంటూ ఏదీ ఉండదని అప్పుడు టైమ్లీ నోటి వెంటే వస్తుంది.

శతాబ్దాలు చదివినవాడికి గంటకు రెట్టింపు లెక్క తట్టలేదా? ఇది సిరీస్‌లో బలహీనమైన చోటు, కప్పిపుచ్చాల్సిన పనిలేదు. ఆ చదువు ఏదో ఒక పుస్తకం నుంచి, అంటే ఓబీ గైడ్‌బుక్ ఉన్న అదే చక్రం లోపలి నుంచి వచ్చింది కాబట్టి లూమ్‌ను అనుమానించడం అతనికి రాలేదు అని సర్దిచెప్పుకోవచ్చు. కథలో అంత స్పష్టంగా చెప్పలేదు. ప్రేక్షకుడు సాయం పట్టాల్సిన చోటు అది.

అసలు సంగతి బయటపెట్టేది హీ హూ రిమెయిన్స్. లోకి అతని దగ్గరికి కూడా వెనక్కి వెళ్తాడు. లూమ్ ఒక రక్షణ ఏర్పాటు మాత్రమే అని అతను తాపీగా చెబుతాడు. లోడ్ మితిమీరినప్పుడు లూమ్ చెడిపోవడం లేదు, తన పని తను చేస్తోంది: ఉండకూడని కొమ్మలన్నిటినీ తుడిచేసి సేక్రెడ్ టైమ్‌లైన్‌ను మాత్రం మిగులుస్తుంది. అంటే నాలుగో ఎపిసోడ్‌లో మనం చూసిన పేలుడు యంత్రం ఓడిపోవడం కాదన్నమాట, డిజైన్ చేసినవాడి కోణంలో అదే గెలుపు. ఇంట్లో ఫ్యూజు ఎగిరిపోయి వైరింగును కాపాడినట్టు. ఓబీ, టైమ్లీ, లోకి ముగ్గురూ కలిసి ఇంతకాలం చేసింది ఏమిటంటే ఎగిరిపోవడానికే పెట్టిన ఫ్యూజుకు మందమైన తీగ కట్టడం.

ఒకటే తాడు బయటికి రావడం దగ్గర వదిలేసిన మాట ఇక్కడికి చేరుతుంది. కత్తిరించడం ఆ యంత్రం పుట్టుకలోనే ఉంది. గ్రీకు పురాణంలో విధిని నడిపే ముగ్గురు అక్కచెల్లెళ్లు ఉంటారు, క్లోతో దారం వడుకుతుంది, లాకెసిస్ కొలుస్తుంది, అట్రొపోస్ కత్తిరిస్తుంది. నేత ఊసే లేదు. పేరు మగ్గమైనా లూమ్ వీళ్లకే దగ్గరి చుట్టం.

కాలాన్ని నిజంగా నేయడం ఎలా ఉంటుందో చూడాలంటే మహాభారతం ఆదిపర్వం తెరవాలి, తెలుగువాళ్లకైతే నన్నయలో మొదటి ఆశ్వాసంలోనే ఉంది. ఉదంకుడు తక్షకుడు ఎత్తుకుపోయిన కుండలాల కోసం నాగలోకానికి వెళ్తాడు. అక్కడ ఇద్దరు స్త్రీలు తెల్ల నూలు, నల్ల నూలు కలిపి బట్ట నేస్తుంటారు, పన్నెండు ఆకుల (కమ్మీల) చక్రాన్ని ఆరుగురు పిల్లలు తిప్పుతుంటారు. గురువు దగ్గరికి తిరిగొచ్చి అడిగితే ఆయన విప్పి చెబుతాడు: ఆ స్త్రీలు ధాత, విధాత, తెలుపు నలుపు నూలు పగలూ రాత్రీ, చక్రం సంవత్సరం, పిల్లలు ఋతువులు. అథర్వవేదం పదో కాండలో కూడా ఇలాంటి బొమ్మే ఉంది, ఇద్దరు కన్యలు ఆరు మేకుల మీద బట్ట నేస్తుంటారు, ఒకరు పోగు లాగితే ఇంకొకరు అమరుస్తారు, తెంపరు, ముగించరు. ఈ మగ్గానికి స్థిరత్వం ఎక్కడి నుంచి వచ్చిందో చూడండి. పగటి పోగు రాత్రి పోగును మింగేయడం లేదు. రెండూ ఉంటేనే బట్ట. పైన చక్రం ఒకే లయలో తిరుగుతోంది కాబట్టి పని ఆగదు, ఎక్కడా కుప్ప పడదు. ముగించాలన్న తొందర లేదు కాబట్టి లోడ్ ఎక్కువవడం అనే సమస్యే పుట్టదు. ఇందులో కొమ్మలు లేవు కదా, ఒకే కాలం కదా అని వాదించొచ్చు, నిజమే. నన్నయకు మల్టీవర్స్ (పక్కపక్కనే ఎన్నో లోకాలు, ఎన్నో కాలధారలు) తలనొప్పి లేదు. కానీ పోగుల్ని విడిగా ఉంచుతూనే కలిపి పట్టుకోవడం అనే పని పద్ధతి మాత్రం ఇక్కడుంది, లూమ్‌లో లేదు.

లోకి సొంత ఊరి కథల్లో కూడా మగ్గం ఉంది, అది మాత్రం ఒళ్లు జలదరించే మగ్గం. 'న్యాల్ సాగా' అనే ఐస్‌లాండ్ గాథలో, 1014లో డబ్లిన్ దగ్గర క్లాంటార్ఫ్ యుద్ధం జరిగిన సందర్భంలో, యుద్ధంలో ఎవరు చావాలో తేల్చే వాల్కిరీలు అనే దేవకన్యలు పన్నెండు మంది ఒక గదిలో నేస్తూ కనిపిస్తారు. పడుగు, పేక మనుషుల పేగులు, నాడెకు బదులు బాణం, పోగులు బిగువుగా ఉండటానికి కింద వేలాడదీసినవి తెగిన తలలు. ఆ కాలపు నార్డిక్ మగ్గం నిలువుగా ఉండేది, పడుగు కిందికి జారి బిగువుగా నిలవడానికి రాళ్లు కట్టేవాళ్లు, ఆ రాళ్ల స్థానంలో తలలు పెట్టాడు కవి. నేత అయిపోయాక వాళ్లు ఆ బట్టను చించి తలో ముక్క పట్టుకుని గుర్రాలెక్కి వెళ్లిపోతారు. మగ్గాన్ని నిలబెట్టేది బరువు, ఆ బరువు ఎవరో ఒకరు మోయాలి అన్నది ఆ పాటలో పచ్చిగా ఉంది.

సిరీస్ చివర్లో లోకి చేసేది అచ్చంగా ఇదే. లూమ్‌ను కాపాడాలనే ప్రయత్నం మానేసి, సూటు కూడా లేకుండా వంతెన మీద నడుస్తాడు, ఒంటిమీద బట్టలు చిరిగి కింద ఆకుపచ్చ వేషం, కొమ్ముల కిరీటం బయటపడతాయి, లూమ్‌ను పగలగొట్టి, చచ్చిపోతున్న పోగుల్ని చేత్తో అందుకుంటాడు. అతను పట్టుకున్నవి మళ్లీ పచ్చగా వెలుగుతాయి. వాటన్నిటినీ లాక్కుంటూ వెళ్లి కాలం చివరనున్న సింహాసనం మీద కూర్చుంటాడు, పోగులు అతని చుట్టూ చెట్టులా అల్లుకుంటాయి, నార్స్ పురాణాల్లో లోకాలన్నిటినీ మోసే చెట్టు ఇగ్‌డ్రసిల్ ఆకారంలో. డిజైన్ పరంగా జరిగిన మార్పు ఒక్కటే గానీ చాలా పెద్దది: బయటికెళ్లే ఇరుకు గొంతు తీసేశాడు. కొమ్మ ఇక ఏ రంధ్రంలోంచీ దూరి తాడులో కలవక్కర్లేదు. ఎన్ని పెరిగినా పక్కకు పెరుగుతుంది. టైమ్లీ చెప్పిన అంతులేని సైజు సమస్య పరిష్కారం కాలేదు, ఆ ప్రశ్నే అవసరం లేకుండా పోయింది.

తోక మింగిన పాము కూడా విడిపోతుంది. అదే 1868లో, అదే కిటికీ దగ్గర, ఈసారి పుస్తకం పడదు. పిల్లాడు టైమ్లీ అవడు, లూమ్‌కు నమూనా కట్టేవాడే ఉండడు.

అయితే ఇది పక్కా రిపేరేనా? ఇక్కడ సిరీస్ అభిమానుల్లో చాలామందికి నచ్చని మాట ఒకటుంది. యంత్రం పోయి మనిషి వచ్చాడు, అతను ఒక్కడే. ఇరుకు గొంతు పోయిందేమో గానీ మొత్తం భారం ఒక్కచోటే పడటం అలాగే ఉంది. నార్స్ పురాణంలో లోకికి పడిన శిక్ష కూడా కట్టిపడేయడమే, కొడుకు పేగులతో బండలకు కట్టి, పైన పాము విషం చుక్కలు చుక్కలుగా కారుతుంటే భార్య సిగిన్ గిన్నె పట్టుకుని కూర్చుంటుంది, గిన్నె నిండి పారబోయడానికి లేచినప్పుడల్లా విషం ముఖం మీద పడి అతను విలవిల్లాడితే భూకంపం వస్తుంది. ఆ కథలో కట్లు అవమానం, సిరీస్‌లో అవే త్యాగం, ఈ తిరగేత బాగా పండింది. కానీ ఆ పాత కథలో గిన్నె పట్టుకునే మనిషైనా ఉంది.

చెట్టు సంగతీ అంతే. 13వ శతాబ్దంలో ఐస్‌లాండ్ రచయిత స్నోరీ స్టుర్లుసన్ రాసిపెట్టిన దాని ప్రకారం ఇగ్‌డ్రసిల్ తనంతట తాను నిలబడే చెట్టు కాదు. పైన జింకలు చిగుళ్లు మేస్తుంటాయి, కింద నిద్‌హొగ్ అనే మహాసర్పం వేళ్లు కొరుకుతుంటుంది, పక్కలు పుచ్చుతుంటాయి. అందుకని విధి దేవతలైన నోర్న్‌లు రోజూ బావిలోంచి నీళ్లు, అక్కడి మట్టి కలిపి తెచ్చి చెట్టు మీద చల్లుతారు, కుళ్లకుండా. అంటే కాలాన్ని స్థిరంగా ఉంచే పరికరం అని ఏదైనా ఉంటే దానికి రోజువారీ మెయింటెనెన్స్ తప్పదని వాళ్లకు ముందే తెలుసు, పని పంచుకోవడానికి ముగ్గుర్ని పెట్టుకున్నారు. సిరీస్‌లో టీవీఏ ఆఫీసు మళ్లీ తెరుచుకుంటుంది, హీ హూ రిమెయిన్స్‌కు ఉన్న వేరే రూపాల మీద కన్నేసి ఉంచడం వాళ్ల కొత్త డ్యూటీ. లోకి దగ్గరికి వెళ్లి షిఫ్టు మార్చే డ్యూటీ మాత్రం ఎవరికీ వేసినట్టు చూపించలేదు.